నిజంగా జరిగిందే రాసినా కథలో ఎందుకు నమ్మరు?

మదనపల్లె నుంచి ఒక సోదరి అడిగిన ప్రశ్న ఇది. వాళ్ళ నాన్నగారు కుర్రతనంలో తిరుపతికి వస్తుంటే భాకరాపేట ఘాట్‌లో బస్సు చెడిపోయింది. పక్క సీట్లో ఉన్న పెద్దాయన మాట కలిపి, చివరికి తిరుపతిలోని తన బట్టల అంగట్లో పని ఇస్తానన్నాడు. ఆ కుటుంబం నిలదొక్కుకున్నది ఆ పనితోనే. ఈవిడ దాన్ని ఉన్నదున్నట్టు కథగా రాస్తే, చదివినవాళ్ళు "అన్నీ అట్లా కలిసొచ్చేస్తాయా?" అన్నారట. నిజంగా జరిగినదాన్ని నమ్మకపోవడం ఏమిటి, కథలో అదృష్టానికి ఎంత చోటివ్వచ్చు, దీనికొక సిద్ధాంతం అంటూ ఉందా అని అడుగుతున్నారు.

ముందు సూటిగా జవాబు చెప్తాను. అనుకోకుండా జరిగింది ఏదైనా సరే, కథలో ఒక ప్రశ్నను మూసేస్తే పాఠకుడు నమ్మడు. కొత్త ప్రశ్నను తెరిస్తే, అది ఎంత అరుదైనదైనా నమ్ముతాడు. ఎంత చోటివ్వాలి అని కొలవనక్కర్లేదు. పాచిక పడ్డాక కథలో అనిశ్చితి పెరిగిందా, తగ్గిందా అని చూసుకుంటే చాలు. మీ కథలో బస్సు ఆగింది, పని దొరికింది, కష్టం తీరింది. ఆ తర్వాత పాఠకుడు ఎదురుచూడటానికి ఏమీ మిగల్లేదు. ఆయన కోపం అదృష్టం మీద కాదమ్మా, తన ఎదురుచూపును మధ్యలో తుంచేసినందుకు.

ఇది నేను పాఠ్యపుస్తకంలో చదివింది కాదు. తిరుపతిలో డిగ్రీ పిల్లలకు స్టాటిస్టిక్స్ చెప్పి రిటైరైనవాణ్ణి. మా నాయన దగ్గర నేర్చుకున్న హరికథను చిత్తూరు పల్లెల్లో, ద్రౌపదమ్మ గుళ్ళ ముందు భారత ఉత్సవాల్లో ఇప్పటికీ చెబుతున్నాను. క్లాసులో బోర్డు మీద రాసిన సంభావ్యతకూ, పందిట్లో కూర్చున్న జనం ముఖాల్లో కనబడే ఉత్కంఠకూ ఏం సంబంధం అని ఆలోచిస్తూ కట్టుకున్న సిద్ధాంతమిది. నేను ఊహించి కట్టుకున్నదే కానీ, జనం ముందు పెట్టి చూస్తూ వస్తున్నాను.

మొదట, నిజం ఎందుకు అతకదో చూద్దాం. ఒక గదిలో 23 మంది ఉంటే, వాళ్ళలో ఇద్దరి పుట్టినరోజు ఒకటే అయ్యే అవకాశం సగానికి పైనే. మొదటిసారి విన్న విద్యార్థి ఎవరూ దీన్ని నమ్మరు. కానీ 23 మందిని ఇద్దరిద్దరిగా జత చేస్తే 253 జతలు అవుతాయి. అన్ని జతల్లో ఎక్కడో ఒకచోట కలవడం వింతేమీ కాదు. జీవితమూ ఇంతే. తిరుమలలో రోజుకు 60, 70 వేల మంది దర్శనం చేసుకుంటారు. వైకుంఠం క్యూ కాంప్లెక్స్‌లో చిన్నప్పటి స్నేహితుడు కనబడ్డాడని చెప్పేవాళ్ళు మన ఊళ్ళో ఇంటికొకరు ఉన్నారు. అంత మందిలో ఎవరో ఒకరికి ఎవరో ఒకరు రోజూ కనబడాల్సిందే. ఎవరూ కనబడని లక్షల మంది ఇంటికి వెళ్ళి ఆ సంగతి ఎవరికీ చెప్పరు.

కథలో ఆ లక్షల మంది ఉండరు. ఒకే బస్సు, ఒకే సీటు, ఒకే పెద్దాయన. ఆయన్ని అక్కడ కూర్చోబెట్టింది విధి కాదు, మీరే. పాఠకుడికి ఆ సంగతి నోటితో చెప్పడం రాకపోయినా లోపల తెలుస్తూనే ఉంటుంది. మీ నాన్నగారి జీవితంలో యాదృచ్ఛికంగా జరిగింది కథలోకి వచ్చేసరికి రచయిత ఏర్పాటుగా కనిపిస్తుంది. అందుకే "నిజంగా జరిగిందండీ" అన్న మాట కథకు సాక్ష్యంగా పనికిరాదు.

ఇప్పుడు అసలు సంగతికి, భారతంలో జూదం దగ్గరికి వద్దాం. మన చిత్తూరు వైపు భారత ఉత్సవాలు చూసినవాళ్ళకు తెలుసు. పగలు హరికథ, రాత్రి వీధి నాటకం, రోజుల తరబడి సాగుతాయి. అర్జునుడు తపస్సు మాను ఎక్కే రోజుంటుంది, మట్టితో చేసిన దుర్యోధనుణ్ణి భీముడు తొడ విరగ్గొట్టే రోజుంటుంది, చివర అగ్నిగుండం. వచ్చిన జనంలో ఏం జరగబోతుందో తెలియనివాళ్ళు ఒక్కరూ ఉండరు. అయినా జూదం చెప్పే రోజు పందిట్లో టెన్షన్ చూడాలి. ఫలితం తెలిసిన ఆటకు అంత ఉత్కంఠ ఎట్లా వస్తుంది?

చాలాకాలం నేను గమనిస్తూ వచ్చింది ఒకటుంది. ధర్మరాజు పందెం ఒడ్డాక, శకుని పాచిక వేయబోయే ముందు నేను చిడతలు ఆపితే జనం దగ్గుతారు, పిల్లలకు నీళ్ళు తాగిస్తారు. పాచిక ఎటు పడుతుందో వాళ్ళకు తెలుసు, అక్కడ ఎదురుచూడాల్సింది ఏమీ లేదు. అదే శకుని "ఇంకేముంది నీ దగ్గర?" అని అడిగాక, ధర్మరాజు నోరు తెరవబోయే ముందు ఆపితే పందిరంతా ఊపిరి బిగబడుతుంది. నకులుణ్ణి, సహదేవుణ్ణి, అర్జునుణ్ణి, భీముణ్ణి, తనను, చివరకు ద్రౌపదిని ఒడ్డడం అన్నది ఒక్కో మెట్టు. ప్రతి మెట్టు మీదా ఒకటే ప్రశ్న: ఇప్పుడైనా లేస్తాడా?

అనిశ్చితి పాచికలో లేదు, పాచిక పట్టిన మనిషిలో ఉంది. నా సిద్ధాంతానికి ఇది రెండో కాలు. ఫలితం తెలిసిన కథ కూడా ఉత్కంఠగా ఉండటానికి కారణం ఇదే. మనిషి నిర్ణయం తీసుకునే క్షణం, ఎన్నిసార్లు విన్నా, మళ్ళీ తెరుచుకుంటుంది. ధృతరాష్ట్రుడు అన్నీ తిరిగి ఇచ్చేశాక, ఇంద్రప్రస్థానికి వెళ్తున్నవాళ్ళను దారిలోంచి రెండో జూదానికి పిలుస్తారు కదా, ఒక ఊళ్ళో ఆ ఘట్టం చెబుతుంటే ముందు వరుసలో ఒక అవ్వ లేచి నిలబడి "పోవద్దు నాయనా, రథం తిప్పుకో!" అని కేకేసింది. భారతం ఆమెకు నాకన్నా బాగా తెలుసు. అయినా ఆ క్షణంలో ఆమె మనసులో ధర్మరాజు వెనక్కి తిరగడానికి ఇంకా వీలుంది.

పాచిక పడ్డాక ఏమైందో కూడా చూడండి. ద్రౌపదిని ఓడిపోయాడు, ఆట ముగిసింది, ఎవరు గెలిచారో తేలిపోయింది. అదృష్టం లెక్కన చూస్తే అనిశ్చితి సున్నా. సరిగ్గా అప్పుడే ద్రౌపది అడుగుతుంది: ముందు తనను తాను ఓడిపోయాడా, నన్నా? తానే ఒకరి సొత్తైపోయినవాడికి నన్ను ఒడ్డే హక్కెక్కడిది? భీష్ముడంతటివాడు ధర్మం సూక్ష్మమైనది, తేల్చి చెప్పలేనంటాడు. పాచికలు నేల మీద కదలకుండా పడి ఉన్నాయి, సభలో అనిశ్చితి మాత్రం ఆకాశానికి లేచింది. ఒక యాదృచ్ఛిక ఘటన తర్వాత కథ ఎట్లా పెరగాలో దీన్ని మించిన నమూనా నాకు దొరకలేదు.

ఇక్కడ కొంచెం లెక్క చెప్పుకోవాలి. 1948లో అమెరికన్ గణిత శాస్త్రవేత్త క్లాడ్ షానన్ సమాచారానికి ఒక కొలత ఇచ్చాడు, దాని ప్రమాణం పేరు బిట్. రెండు అవకాశాలున్నప్పుడు అవి సరిసమానంగా తూగితే అనిశ్చితి ఒక బిట్, అదే గరిష్ఠం. తూకం 90-10 అయిపోతే అది 0.47కు పడిపోతుంది, అంటే సగం కన్నా తక్కువ. కథకుడికి ఇందులో పనికొచ్చేది ఏమిటంటే, పాత్ర ముందున్న రెండు దారులూ దాదాపు సమానంగా బరువు తూగాలి. ధర్మరాజు ఆడకూడదనడానికి విదురుడి హెచ్చరిక ఉంది, కళ్ళ ముందు సర్వనాశనం ఉంది. ఆడాలి అనడానికి పిలిస్తే వెనుదిరగనన్న వ్రతం ఉంది, పెదనాన్న మాట ఉంది, జూదం మీద సొంత ఇష్టమూ ఉంది. హరికథలో నేను చేసే పనల్లా తేలిపోతున్న వైపు ఇంకో కారణం పెట్టి తూకం సరిచేయడమే. ఒకవైపే మొగ్గితే జనం లేచి పోతారు. మీ కథలో పని ఇస్తానన్నప్పుడు వద్దనడానికి మీ నాన్నగారికి ఒక్క కారణమైనా ఉందా? చదువుతుంటే కనబడలేదు.

ఇంకో లెక్క. శకుని వేసిన ప్రతిసారీ "గెలిచాను" అంటూనే ఉంటాడు. ఒక్కో ఆటకు గెలుపు సగం సగం అనుకున్నా, వరసగా పదిసార్లు గెలిచే అవకాశం 1,024లో ఒకటి. విన్నవాళ్ళు ఎవరూ "అబ్బ, ఏం అదృష్టం!" అనరు. మోసం ఉందని పసిపిల్లవాడు కూడా పసిగడతాడు. జనం నోట ఆ పాచికలు శకుని తండ్రి ఎముకలతో చేసినవన్న కథ పుట్టుకొచ్చింది కూడా అందుకేనని నా నమ్మకం. వరసగా ఒకే వైపు పడే పాచికకు మనసు ఒక కారణం వెతుక్కుంటుంది. మీ కథలోనూ అంతే. మొదటిసారి కలిసొస్తే పాఠకుడు విధి ఖాతాలో రాస్తాడు. రెండోసారి కలిసొస్తే చెయ్యి ఎవరిదా అని చూస్తాడు. రెండోసారి తప్పనిసరైతే కథలోపలే ఒక శకుని ఉండాలి. లేకపోతే ఆ శకుని మీరేనని అనుకుంటాడు.

అయితే అదృష్టంతో కథ ముగించనే కూడదా? నలుడు ముగించాడు కదా, జూదంలో తన రాజ్యం గెలుచుకున్న తమ్ముడు పుష్కరుడితో రెండోసారి ఆడి ఒక్క పందెంతో రాజ్యం తిరిగి గెలుచుకున్నాడు. అదెందుకు అన్యాయంగా అనిపించదు? మధ్యలో తాండ్ర చెట్టు ఘట్టం ఉంది కాబట్టి. అయోధ్య రాజు ఋతుపర్ణుడు, నలుడి భార్య దమయంతికి రెండో స్వయంవరమని విని పరుగున పోతున్నాడు, బాహుకుడి వేషంలో రథం తోలుతున్నది నలుడే. గాలికి రాజు ఉత్తరీయం ఎగిరిపోయింది. ఆపమంటే, అది ఇప్పటికే ఆమడ దూరంలో ఉండిపోయింది, దొరకదు అంటాడు నలుడు. రాజుకు అభిమానం పొడుచుకొచ్చింది. నాకూ ఒక విద్య ఉంది చూడమని దారిపక్క తాండ్ర చెట్టు చూపించి, ఆ రెండు కొమ్మల్లో అయిదు కోట్ల ఆకులు, 2,095 కాయలు ఉన్నాయన్నాడు. నలుడు రథం ఆపేశాడు. లెక్కపెట్టి చూస్తే గానీ కదలనన్నాడు. స్వయంవరానికి ఆలస్యమవుతుందని రాజు బతిమాలినా వినలేదు. కాయలు లెక్కపెడితే సరిపోయాయి. అప్పుడు నువ్వు నాకు అక్షహృదయం, అంటే పాచికల రహస్యం చెప్పు, నేను నీకు అశ్వహృదయం, గుర్రాల విద్య చెప్తాను అన్నాడు నలుడు. ఆ విద్య అందిన క్షణాన, అన్నాళ్ళూ నలుణ్ణి పట్టి పీడించిన కలి ఆయన ఒంట్లోంచి బయటికొచ్చాడు.

ఈ ఘట్టంలో యాదృచ్ఛికం ఎంత? ఎగిరిపోయిన ఒక్క ఉత్తరీయం. అది ఏ కష్టాన్నీ తీర్చలేదు. ఒక రాజుకు పంతం రేపింది, ఆ పంతం విద్యను బయటపెట్టింది, నలుడి మొండితనం దాన్ని పరీక్షకు పెట్టింది. కాయల్ని ఒకటొకటిగా లెక్కపెడుతున్నప్పుడు, తన విద్య గొప్పగా చాటుకున్న రాజు ఎంత నలిగిపోయి ఉంటాడో చెబుతూ నేను అక్కడ చాలాసేపు నిలబడతాను. కాబట్టి నలుడు రెండోసారి పాచిక పట్టేసరికి అది అదృష్టం కాదు, నేర్చుకున్న విద్య. పైగా అప్పటికే దమయంతి దొరికింది, శ్రోత గుండెలో ఉన్న పెద్ద ప్రశ్నకు జవాబు వచ్చేసింది. రాజ్యం తర్వాతి మాట. స్టాటిస్టిక్స్ చెప్పినవాడిగా నాకు ఈ ఘట్టమంటే ప్రాణం. పాచికల రహస్యం తెలిసినవాడికే చెట్టు మీది కాయల లెక్క కూడా తెలుసని అంత పాత కథలో ఎవరో అనుకున్నారు చూడండి!

యాదృచ్ఛికాలన్నీ ఒక జాతి కాదు. మన పెద్దలు చెప్పిన న్యాయాల్లో, అంటే సామెతల్లాంటి దృష్టాంతాల్లో, మూడు నాకు ఈ పనిలో రోజూ ఉపయోగపడతాయి. కాకి వాలింది, తాటిపండు రాలింది. ఈ కాకతాళీయం అందరికీ తెలుసు. రెండిటికీ సంబంధం లేదు, కథలో అన్నిటికన్నా బలహీనమైనది ఇదే. రెండోది అజాకృపాణీయం: వేలాడుతున్న కత్తి కింద మేక తనంతట తానే మెడ రుద్దుకోబోయింది, కత్తి తెగి పడింది. పడటం యాదృచ్ఛికమే, కానీ అక్కడికి వెళ్ళింది మేక దురదే. కథకు ఇది మహా బలం. మూడోది ఘుణాక్షరం: పురుగు చెక్కను తొలుచుకుంటూ పోతే అక్షరంలాంటి గీత ఏర్పడింది. పురుగు రాయలేదు, చదివింది మనిషే. అరిస్టాటిల్ చెప్పిన ఉదాహరణ ఒకటి దీనికి సరిపోతుంది. ఆర్గోస్ నగరంలో మిటిస్ అనేవాడి విగ్రహం, ఆ మిటిస్‌ను చంపినవాడి మీదే పడి వాణ్ణి చంపింది. ఊరికే పడిందని తెలిసినా ఊరికే పడినట్టు అనిపించదు, అటువంటి కథలే మేలైనవి అంటాడాయన. మీరు రాసే ప్రతి యాదృచ్ఛికాన్నీ ఈ మూడింటిలో ఏదో గుర్తుపట్టండి. మొదటి రకమైతే రెండో రకంగా మార్చగలరేమో చూడండి.

మార్చడం ఎట్లాగో మీ కథలోనే చూద్దాం. బస్సు చెడిపోవడం అట్లాగే ఉండనివ్వండి, ఘాట్ రోడ్డులో బస్సు ఆగడం ఎవరూ కాదనరు. పెద్దాయన పక్క సీట్లో ఉండటం కూడా సరే. కానీ అంత మంది ప్రయాణికుల్లో మీ నాన్నగారితోనే ఎందుకు మాట్లాడాడు? ఆయన ఏదో చేసి ఉండాలి. దిగి డ్రైవర్‌కు సాయం పట్టాడా, తన దగ్గరున్న నీళ్ళు ఎవరికో ఇచ్చాడా, నోరు జారి ఇంటి సంగతి చెప్పేశాడా? మేక మెడ అక్కడుంది. ఇంకొకటి, అసలు ఆ రోజు తిరుపతికి ఎందుకు బయల్దేరాడు? వేరే పని మీదే కదా. ఈ పని ఒప్పుకుంటే ఆ పని ఏమైంది? మీ నాన్నగారిని కూర్చోబెట్టి ఒకే మాట అడగండి: ఆ పెద్దాయన ఆ మాట అన్నప్పుడు నీకేం భయమేసింది నాయనా? ముక్కూ మొహం తెలియని మనిషి పని ఇస్తానంటే భయపడని కుర్రవాడు ఉండడు. ఆ భయం రాసిన చోట మీ కథ మొదలవుతుంది.

నా దగ్గర కథలు దిద్దించుకునే ఒకమ్మాయి ఇట్లాంటిదే రాసుకొచ్చింది. సుప్రభాత సేవకు లక్కీ డిప్‌లో పేరు నమోదు చేసుకున్న ఒకావిడకు టికెట్ వస్తుంది, కొండకు వెళ్తుంది, ఇల్లు వదిలిపోయిన కొడుకు అక్కడే కనబడతాడు. డిప్‌లో రావడం ఒకటి, కొడుకు కనబడటం ఇంకొకటి, రెండూ తాటిపండ్లే. ఇద్దరం కూర్చుని ఆలోచించాం. ఆఖరికి ఆ అమ్మాయే దారి కనిపెట్టింది. అత్తా కోడలూ ఇద్దరూ పేర్లిస్తారు. ఏళ్ళ తరబడి ఆ సేవ కోసం కలవరించిన అత్తకు రాలేదు, తోడుగా పేరిచ్చిన కోడలికి వచ్చింది. టికెట్ పేరు మార్చడానికి వీల్లేదు, ఆధార్ చూసే లోపలికి పంపుతారు. ఇప్పుడు కోడలు వెళ్తుందా? వెళ్ళి వచ్చాక అత్తకు ఏమని చెప్తుంది? అదే డిప్, అదే అదృష్టం. ఈసారి ఫోన్‌కు మెసేజ్ వచ్చిన మరుక్షణం వంటింట్లో ఇద్దరు ఆడవాళ్ళు ఒకరి ముఖం ఒకరు చూసుకోలేకపోయారు. ఆ కొడుకు పాత్ర అవసరమే లేకుండా పోయింది.

ఎవరికి తెలుసు, ఎవరికి తెలియదు అన్నది కూడా అనిశ్చితిలో భాగమే. తిరుపతి గ్రామదేవత తాతయ్యగుంట గంగమ్మ కథలో, ఆడవాళ్ళను చెరబట్టిన పాలెగాడు అమ్మవారికి భయపడి దాక్కున్నాడు, అమ్మవారు రోజుకో వేషంలో వెతుకుతోంది. వచ్చింది ఎవరో జనానికి తెలుసు, పాలెగాడికే తెలియదు. దొర వేషం చూసి తన దొరే అనుకుని బయటికొచ్చాడు, దొరికిపోయాడు. అదృష్టమనేది రవ్వంత కూడా లేకుండా ఇంత ఉత్కంఠ. కాబట్టి కథ చప్పగా ఉందని యాదృచ్ఛికం ఒకటి తెచ్చి పెట్టాలనుకున్నప్పుడు, ముందు ఎవరో ఒకరి దగ్గర ఒక సంగతి దాచి చూడండి. చాలాసార్లు అదే సరిపోతుంది.

కొన్ని మినహాయింపులు చెప్పాలి. కథగా కాకుండా మీ నాన్నగారి జ్ఞాపకంగానే రాస్తే పైన చెప్పిన పట్టింపులు చాలావరకు అక్కర్లేదు. సంవత్సరం, అంగడి ఉన్న వీధి, మొదటి నెల జీతం రాయండి. అక్కడ పాఠకుడు మిమ్మల్ని సాక్షిగా చూస్తాడు, ఏర్పాటు చేసినవాళ్ళుగా కాదు.

భక్తి కథల సంగతి వేరు. తిరుమలలో భక్తుడు హాథీరాం బావాజీ వేంకటేశ్వర స్వామితో పాచికలాడిన కథలో ఏ ఆట ఎవరు గెలిచారని ఎవరూ అడగరు. స్వామి నగ దొంగిలించాడని బావాజీ మీద నింద పడింది, గదినిండా చెరకు వేసి ఆయన్ని లోపల పెట్టి తాళం పెట్టారు, తెల్లారేలోగా తినాలన్నారు, ఏనుగు వచ్చింది. వినేవాడికి అది కలిసిరావడం కాదు, రావాల్సినవాడు రావడం. కాణిపాకం వినాయకుడి కథలోనూ అవిటివాళ్ళైన ముగ్గురు అన్నదమ్ములు బావి తవ్వుతుంటే పనిముట్టు రాయికి తగలడం అనుకోకుండా జరిగిందే, అన్నదమ్ముల అవిటితనం పోయింది కూడా. అయినా కథ అక్కడ మూసుకోలేదు. ఎంత తవ్వినా విగ్రహం అంతు దొరకలేదు, ఇప్పటికీ స్వామి పెరుగుతూనే ఉన్నాడని నమ్మకం. ఆ ఊరివాళ్ళకు తెలియకుండానే నా సిద్ధాంతం వాళ్ళ దగ్గరుంది. కానీ సాంఘిక కథలో ఈ వెసులుబాటు వాడుకోకండి, పాత్ర దేవుణ్ణి నమ్మినంత మాత్రాన పాఠకుడు మీ ముగింపును నమ్మడు.

ఇక హాస్యకథలో అంతా తలకిందులు. అక్కడ రెండోసారి కలిసిరావడమే నవ్వు పుట్టిస్తుంది, మూడోసారి కోసం పాఠకుడే కాచుకుని కూర్చుంటాడు. శకుని అవసరం ఉండదు, తూకం 50-50 ఉండనక్కర్లేదు. ఆ లెక్క వేరే రాయాల్సినంత ఉంది, ఎవరికైనా కావాలంటే విడిగా అడగండి.